తెర మీద తెల్ల గౌను

స్టూడియోలో ఎవరైనా చస్తే ముందు పబ్లిసిటీ వాళ్లకి చెబుతారు. తర్వాత సెక్యూరిటీకి. ఆ తర్వాత లాయర్లకి. పోలీసులకి కబురు ఆఖరున.

డైరెక్టర్ లూథర్ గ్రేడీ మధ్యాహ్నం భోజనాల వేళ తన ఆఫీసులో తుపాకి గుండు తిని చచ్చాడు. గంట దాటింది. ఆర్కేడియా స్టూడియో గేటు దగ్గర ఒక్క పోలీసు కారు లేదు. ప్రైవేటు డిటెక్టివ్ ఇరా స్లోకమ్ డొక్కు కారు మాత్రం ఉంది.

అతన్ని పిలిచింది వెర్నా కోల్బీ. హాలీవుడ్‌లో అతను రోజూ పొద్దున తినే చిన్న హోటల్లో ఒకప్పుడు కాఫీలు అందించిన పిల్ల. ఇప్పుడు సినిమా నటి. దారిన పోయేవాళ్లు ఆగి చూసేంత నటి కాదు. ఫోన్లో ఒకటే మాట అంది. "స్లోకమ్ గారూ, నేను చంపానంటున్నారు. తొందరగా రండి."

ఆమె మేకప్ గది బయట కాపలావాడు కూర్చున్నాడు. లోపల వెర్నా అద్దం ముందు పాత కోటు కప్పుకుని ఉంది.

"ఏడ్చావా?" అన్నాడు స్లోకమ్.

"లేదు. మేకప్ పోతుంది."

అతను కుర్చీ లాక్కున్నాడు. "మొదట్నించీ చెప్పు. దాచావంటే నీ మెడకే చుట్టుకుంటుంది."

"పొద్దున గ్రేడీ పిలిచాడు. నా సీన్లన్నీ తీసేస్తున్నా అన్నాడు. ఒక్కటి ఉంచుతాట్ట. తలుపు తీసి 'నాన్నగారూ, కారు సిద్ధం' అంటానే, అది."

"ఎందుకు తీసేయడం?"

"వాళ్లావిడ చెప్పింది గనక."

వాళ్లావిడ అంటే అడెల్ మెరిక్. ఈ సినిమాకి హీరోయిన్. ఇరవై ఏళ్లుగా ఎవరి సినిమాకైనా హీరోయినే.

"దానికి నువ్వేమన్నావ్?"

"చంపేస్తానన్నాను. సెట్లో అందరూ విన్నారు."

స్లోకమ్ నుదురు రుద్దుకున్నాడు. "మాట తక్కువగా వాడొచ్చుగా అమ్మాయ్."

"ఎలా వాడను?" వెర్నా అద్దంలోంచే అతన్ని చూసింది. "ఇది నాకు నాలుగో సినిమా. మొదటిదాంట్లో టెలిఫోన్ ఆపరేటర్ పిల్లని. వెనకనించి తీశారు. రెండోదాంట్లో శవాన్ని. బాగా చేశావని అందరూ మెచ్చుకున్నారు. మూడోదాంట్లో మాటలిచ్చారు. మా అమ్మ మిన్నెసోటాలో చుట్టాలందర్నీ వెంటేసుకుని వెళ్లి చూసింది. నేను లేను. కోసేశారు. నాకే తెలీదు. అమ్మ ఫోన్ చేసి 'ఎక్కడున్నావే నువ్వు?' అంది. ఈ సినిమాలో కూడా లేకపోతే స్టూడియో నాతో ఒప్పందం ముగించేస్తుంది. పళ్లు అరగదీయించుకున్నాను. నుదుటి మీద జుట్టు పీకించుకున్నాను. లిండ్‌క్విస్ట్ అనే ఇంటిపేరు తీసేస్తే ఊరుకున్నాను. ఇంత చేసి మళ్లీ కారు సిద్ధమా? ఆవిడేమో మొహానికి పట్టీలు వేసి లాగించుకుని ఇంకా పాతికేళ్ల పడుచు వేషాలు వేస్తుంది. ఆవిణ్ణి ఎవరూ కోయరు."

ఆ చివరి మాటలు అంటున్నప్పుడు ఆమె గొంతు ఇందాకటిది కాదు. పళ్ల మధ్యనించి వచ్చింది.

"భోజనాల వేళ ఎక్కడున్నావ్?"

"ఇక్కడే. పడుకున్నాను."

"ఎవరైనా చూశారా?"

"నన్ను చూసేవాళ్లుంటే నా బతుకు ఇలా ఎందుకుంటుంది?"

"నువ్వు తెల్ల గౌనులో గ్రేడీ ఆఫీసు మెట్లు దిగుతుంటే చూశామంటున్నారుట. గేటువాడు చెప్పాడు."

"గౌను అప్పటికే విప్పేశాను. తిండి వేళ సెట్టు బట్టలతో ఉండనివ్వరు, మరకలు పడతాయని. అదిగో."

తలుపు వెనక గుడ్డ సంచీలో గౌను వేలాడుతోంది. స్లోకమ్ లేచి సంచీ ముడి విప్పాడు. లోపలున్న గౌను నీలం. వానవెలిసిన ఆకాశంలా, మచ్చలేని లేత నీలం.

"ఇది కాదమ్మా. తెల్లది."

"అదే ఇది. మా సినిమాల్లో రంగులుండవుగా. నిజంగా తెల్లగుడ్డ వేస్తే లైట్ల కింద దీపంలా మెరిసి మొహాన్ని మింగేస్తుంది. అందుకని తెలుపు కావాలంటే ఇలా నీలంలో ముంచుతారు. తెర మీద తెల్లగా పడుతుంది. ఆ గౌనుతోనే పార్టీ సీను. మెట్లు దిగి వస్తాను. గ్రేడీ ఆ మెట్లు రోజుల తరబడి తీశాడు."

"సెట్లో దీన్ని చూసినవాళ్లెవరూ తెల్లదనరు."

"గుడ్డివాళ్లయితే తప్ప."

స్లోకమ్ సంచీ ముడి మళ్లీ వేశాడు. చంకలో పెట్టుకున్నాడు.

తలుపు తెరుచుకుంది. స్టూడియో పబ్లిసిటీ పెద్ద హోబార్ట్ ఫిన్ కాఫీ కప్పుతో వచ్చాడు. సన్నటి మనిషి. నున్నగా దువ్విన తల. వెర్నా చేతిలో కప్పు పెట్టి, చెంప మీద పడ్డ వెంట్రుక ఒకటి వేలితో తీశాడు.

"తాగు బంగారం. డిటెక్టివ్ గారూ, పిల్లని బెదరగొట్టకండి. ఈ మొహాన్ని నేను తయారుచేశాను. పేరు కూడా నేను పెట్టిందే."

"అమ్మాయికి ముందే ఒక మొహం, ఒక పేరు ఉండేవి," అన్నాడు స్లోకమ్.

ఫిన్ నవ్వాడు. "ఉంటే? ఎవరైనా టికెట్ కొన్నారా?"

* * *

గ్రేడీ ఆఫీసు ఒక గోడౌను మీద. బయటనించి ఇనప మెట్లు. కింద మెట్టు మీద కాలు పెట్టి వార్డ్ కినిక్ నిలబడ్డాడు.

కినిక్, స్లోకమ్ ఒకప్పుడు పోలీసు శాఖలో ఒకే కారులో తిరిగారు. ఇప్పుడు కినిక్ స్టూడియో సెక్యూరిటీకి పెద్ద. స్లోకమ్ పెళ్లాం నార్మా ఇప్పుడు కినిక్ పెళ్లాం. కినిక్ చొక్కా కాలరు గంజితో కత్తిలా నిలబడి ఉంది. గంజి అలా పెట్టడం నార్మాకే వచ్చు. ఒకప్పుడు స్లోకమ్ కాలరూ అలాగే ఉండేది. అతను చూపు తిప్పుకున్నాడు. చూపు మళ్లీ అక్కడికే పోయింది.

"ఎవడ్రా నిన్ను రానిచ్చింది?" అన్నాడు కినిక్.

"నీ గేటువాడే. వాడికీ నువ్వంటే పడదల్లే ఉంది."

"ఇది నీలాంటివాడు వేలు పెట్టే కేసు కాదు. నువ్వు పోయి మొగుళ్ల వెనక పెళ్లాలు, పెళ్లాల వెనక మొగుళ్లు, అలాంటివి చూసుకో. నీ ఇంట్లోది మాత్రం నీకు ఆఖరున తెలిసింది."

స్లోకమ్ ఆ దెబ్బ మింగాడు. "గది చూపించు."

"చూపించను. తాళం నా జేబులో ఉంది. పోలీసులు వచ్చేదాకా ఎవణ్ణీ పోనివ్వను. నిన్నయితే వాళ్లొచ్చాక కూడా పోనివ్వను."

"సాక్షి ఎవరు?"

"అడెల్ మెరిక్. స్వయానా చచ్చినవాడి పెళ్లాం. అదిగో ఆవిడ కిటికీ." సందుకి అవతల చిన్న బంగళా ఉంది. "భోజనాల వేళ ఆ పిల్ల తెల్ల గౌనులో ఈ మెట్లు దిగింది. ఎడం చెయ్యి కమ్మీ మీద. కుడి చేత్తో గౌను అంచు ఎత్తిపట్టుకుంది. సగంలో ఆగి వెనక్కి చూసింది. ఆడది ఇంత వివరంగా చెబితే ఏ జ్యూరీ అయినా నమ్ముతుంది. ఈ రాష్ట్రంలో హత్యకి శిక్ష గ్యాస్ గదిలో చావు. ఆడదని జాలి చూపరు."

స్లోకమ్ మెట్లెక్కాడు. పైన తాళం వేసిన తలుపు దాకా వెళ్లి, వెనక్కి తిరిగి, మెల్లగా దిగడం మొదలెట్టాడు. ఎడం చెయ్యి చాపాడు. గోడ తగిలింది. మసి పట్టిన ఇటుక గోడ. కమ్మీ కుడివైపు ఒక్కటే ఉంది.

"డాన్సు నేర్చుకుంటున్నావా?" కినిక్ కింద నించి నవ్వాడు.

స్లోకమ్ మసి అంటిన అరచెయ్యి చూసుకున్నాడు. ఆ నవ్వు ఆపించాలి. వీడు తప్పని తేలాలి. పిల్ల బయటపడాలి. వీటిలో తనకి ఏది ముందో అతనికే తెలీలేదు. సిగ్గేసింది. అయినా దిగి వచ్చాడు.

"మీ సాక్షిని ఒక్కసారి అడగనీ. నీ ఎదురుగానే."

"మొగుడు చచ్చి ఏడుస్తున్న మనిషిని..."

"నా మాట తప్పయితే నేనే వెళ్లి నార్మాకి చెబుతాను. నీ మొగుడు నాకంటే గట్టి డిటెక్టివ్ అని."

కినిక్ ఆగాడు. ఆ మాట అతనికి నచ్చింది. ఎంత నచ్చిందో మొహంలో దాచుకోలేకపోయాడు. "ఇంకా నార్మా మాటే ఎత్తుతున్నావు చూడు," అన్నాడు. "పద. పోలీసులకి ఫోన్ చేశాను. వాళ్లొచ్చేదాకానే నీకు టైము."

* * *

అడెల్ మెరిక్ ఏడవడం లేదు. నల్ల గౌను తెప్పించుకుని, అద్దంలో చూసుకుని, బాగాలేదని ఇంకో నల్ల గౌను తెప్పించుకుంది. మార్టినీ గ్లాసు పక్కన ఉంది.

"మళ్లీ చెప్పాలా? వార్డ్, ఇతనెవరు?"

"స్లోకమ్, మేడమ్. ప్రైవేటు డిటెక్టివ్. నిమిషంలో పోతాడు."

ఆమె మళ్లీ చెప్పింది. ఒక్క మాట మారలేదు. తెల్ల గౌను. ఎడం చెయ్యి కమ్మీ మీద. కుడి చేత్తో అంచు. సగంలో ఆగి వెనక్కి చూపు.

"ఆ చూపు ఎలా ఉంది, మేడమ్?"

"ఎలా ఉంటుంది? గడ్డం కొంచెం కిందికి. కళ్లు మాత్రం పైకి. తనని అందరూ చూస్తున్నారని తెలిసిన చూపు." ఆమె గ్లాసు ఎత్తి మళ్లీ దింపింది. "ఆ పిల్లకి నటన రాదు. చూపు ఒక్కటి వచ్చు."

"మీరిద్దరూ కలిసి ఎన్ని సీన్లు చేశారు?"

"ఒక్కటీ లేదు. ఆ పిల్లతో ఒకే ఫ్రేములో నిలబడనని ముందే చెప్పాను. ఆ పిల్ల ఉన్న రోజు నేను సెట్టుకే రాను."

"అంటే ఆమెని ఆ గౌనులో ఇవాళ తప్ప ఎప్పుడూ ఎదురుగా చూడలేదు."

"చెప్పానుగా."

స్లోకమ్ గుడ్డ సంచీ ముడి విప్పాడు. గౌను తీసి మంచం మీద పరిచాడు. గదిలో ఉన్న నలుపంతటి మధ్యా ఆ నీలం చెరువులా కనపడింది.

"ఇదేంటి?" అన్నాడు కినిక్.

"ఆ తెల్ల గౌను. మేడమ్‌కి తెలుసు. ఇరవై ఏళ్లుగా ఇదే పని."

అడెల్ గౌనుని చూసింది. తర్వాత నవ్వింది, గొంతులో ముల్లు పడ్డట్టు.

"నా మొదటి సినిమాలో పెళ్లి గౌను కూడా నీలమే," అంది. "ఎలా మర్చిపోయాను?"

"మీరు మర్చిపోలేదు. ఎదురుగా చూళ్లేదు. సినిమాలో మెట్లకి ఎడంపక్క కమ్మీ ఉండి ఉండాలి. ఆఫీసు మెట్లకి ఎడంపక్క గోడే ఉంది. మీరు చూసింది తెర మీద."

కినిక్ ఒకసారి ఆమెని, ఒకసారి గౌనుని చూశాడు. "మేడమ్, ఇతను చెప్పేది..."

"నిజం. కిటికీ దగ్గర నేను లేను." అడెల్ గ్లాసు ఖాళీ చేసింది. "ప్రొజెక్షన్ గదిలో ఉన్నాను. భోజనాల వేళంతా. ఆపరేటర్‌ని అడుగు. ఆ పిల్ల మెట్లు దిగే రీలు వేయించుకుని చూశాను. అయిపోతే మళ్లీ వేయమన్నాను. మళ్లీ."

"సీన్లు కోయించేశారుగా," అన్నాడు స్లోకమ్. "ఇంకా ఏం చూడ్డానికి?"

"నీకు పెళ్లాం ఉందా?"

స్లోకమ్ కినిక్ వైపు చూశాడు. కినిక్ నేల చూశాడు.

"ఉంటే తెలిసేది. ఆ పిల్ల దిగుతుంటే లూథర్ కెమెరాని ఎలా నడిపించాడో చూడు. ఒక్కో మెట్టుకీ దాంతోపాటు దిగుతుంది కెమెరా. తొందరపడదు. ముందుకెళ్లదు. కాలు తడబడితే పట్టుకుందామన్నట్టు పక్కనే ఉంటుంది. నన్ను అలా తీసి పదేళ్లయింది. పదేళ్లుగా నన్ను దూరంనించి తీస్తున్నాడు, ముడతలు కనపడకుండా లెన్సుకి సిల్కు గుడ్డ కట్టి." ఆమె చేత్తో మొహం తడుముకుంది. "రోజూ చీకట్లో కూర్చుని చూశాను. కోసేయమన్నాను. సరేనన్నాడు. అయినా కళ్లు మూస్తే అది మెట్లు దిగుతూనే ఉంది. లూథర్ చచ్చాడని వార్డ్ వచ్చి చెప్పగానే నోటికి అదే వచ్చింది. ఎవరు చంపారో నాకు తెలీదు. అది చంపి ఉంటే బాగుండుననిపించింది. అంతే."

కినిక్ బల్ల మీది ఫోన్ అందుకుని ప్రొజెక్షన్ గదికి చేశాడు. రెండు ముక్కలు అడిగాడు. విన్నాడు. పెట్టేశాడు.

"ఆవిడ అక్కడే ఉంది," అన్నాడు. గొంతులో పొగరు లేదు.

స్లోకమ్‌కి ఎన్నేళ్లుగానో కావలసిన క్షణం ఇది. కినిక్ ఎదురుగా ఓడి నిలబడి ఉన్నాడు. కానీ ఆ కాలరు ఇంకా కత్తిలాగే ఉంది. రాత్రికి విప్పితే నార్మా ఉతుకుతుంది.

"పిల్లని వదులు," అన్నాడు.

"పద."

* * *

మేకప్ గది ఖాళీగా ఉంది. కాపలావాడు లేడు. కాఫీ కప్పు మీద లిప్‌స్టిక్ మరక ఆరలేదు.

"ఫిన్ గారు తీసుకెళ్లారండీ," అంది పక్క గదిలోంచి తల బయటపెట్టిన ఒక నటి. "గేటు దగ్గరికి. పేపర్లవాళ్లంతా వచ్చారు. అదృష్టవంతురాలు." ఆఖరి మాట అంటూ మూతి తిప్పుకుంది.

ఇద్దరూ పరిగెత్తారు.

గేటు లోపల విలేకర్లు గుంపుగా ఉన్నారు. పోలీసులు వచ్చేశారు. మధ్యలో వెర్నా. పట్టపగలే అయినా స్టూడియో లైటు ఒకటి స్టాండు మీద పెట్టి ఆమె మొహం మీదికి తిప్పారు. జుట్టు దువ్వి ఉంది. మేకప్ కొత్తగా వేసి ఉంది.

"నేనే కాల్చాను," అంటోంది, రేడియో వాడి మైకులో.

స్లోకమ్ మోచేతులతో తోసుకుంటూ ఆమె పక్కకి చేరాడు. "అమ్మాయ్, ఆపు. అడెల్ అబద్ధం ఒప్పుకుంది. నువ్వు కాదని తేలిపోయింది."

వెర్నా పెదాలు కదపకుండా, నవ్వు చెడకుండా అంది. "మీరు తేలుస్తారనే భయపడ్డాను."

"ఏంటీ?"

"ఫిన్ ఒట్టేశాడు. నేను ఒప్పుకుంటే నా సీనులో ఒక్క అడుగు ఫిల్మ్ కూడా కోయరు. సినిమా వచ్చే వారమే విడుదల చేస్తారు. దేశమంతా. సినిమా హాలు బోర్డు మీద నా పేరు పైన. ఆవిడ పేరు కింద, స్లోకమ్ గారూ. కింద!"

"గ్యాస్ గదిలో కూర్చోబెడతారే పిచ్చిదానా!"

"బలవంతం చేయబోయాడు, భయపడి కాల్చాను అంటే జ్యూరీ వదిలేస్తుందిట. ఇలాంటి మొహాన్ని ఎవరూ చంపరని ఫిన్ చెప్పాడు." ఫ్లాష్ వెలిగింది. ఆమె మొహం ఎడమవైపుకి తిప్పింది. అటువైపే బాగుంటుందని స్టూడియోలో నేర్పారు. "మిన్నెసోటాలో మా అమ్మ ఈసారి నన్ను చూస్తుంది."

సార్జంటు స్లోకమ్‌ని ఛాతీ మీద చెయ్యి పెట్టి వెనక్కి నెట్టాడు. "పక్కకి జరగవయ్యా. అమ్మా, ఎక్కడ కాల్చావ్?"

"ఆయన ఆఫీసులో."

"అది కాదు. గుండు ఒంట్లో ఎక్కడ తగిలింది?"

వెర్నా నోరు తెరిచింది. మాట రాలేదు. డైలాగు మర్చిపోయిన నటిలాగే ఆమె కళ్లు లైటు పక్కకి పోయాయి. అక్కడ ఫిన్ నిలబడ్డాడు. తల దురద పెట్టినట్టు చెయ్యెత్తి, ఒక వేలు ఎడమ చెవి వెనక ఆనించాడు.

"ఎడమ చెవి వెనక," అంది వెర్నా.

పెన్నులు కదిలాయి. కినిక్ చెయ్యి స్లోకమ్ మోచెయ్యిని పట్టుకుంది.

"ఇరా," అన్నాడు. ఆ పేరుతో అతను పిలిచి ఏళ్లయింది. "గ్రేడీ బల్ల మీద బోర్లా పడి ఉన్నాడు. జుట్టు పక్కకి తీస్తేగానీ గాయం నాకే కనపడలేదు. నేను ఎవరికీ చెప్పలేదురా. పోలీసులింకా పైకి పోలేదు."

"ఫిన్ ఆ గదిలోకి వచ్చాడా?"

"గడప తొక్కనివ్వలేదు."

స్లోకమ్ లైటు వైపు చూశాడు. ఫిన్ తన కోటు విప్పి వెర్నా భుజాల మీద కప్పుతున్నాడు. గ్రేడీ ఆమెకోసం రోజుల తరబడి తీసిన ఆ మెట్ల సీను స్లోకమ్ చూడలేదు. కానీ ఫిన్ చూసి ఉంటాడు. భార్య ఒక్కతే చీకట్లో కూర్చుని అసూయతో చూసి ఉండదు. ఫిన్ వేళ్లు ఆమె మెడ దగ్గర కాలరు సర్దాయి. తన సొమ్ము మీద దుమ్ము దులుపుకున్నట్టు.

పోలీసు కారు వెనక తలుపు తెరిచారు. వెర్నా ఎక్కింది.

"పిల్ల భయపడుతుంది సార్జంట్," అంటున్నాడు ఫిన్. "స్టేషన్ దాకా నేను పక్కన కూర్చుంటాను. మీకు అభ్యంతరం లేదుగా?"

"కూర్చోండి," అన్నాడు సార్జంటు.

"ఆపండి!" స్లోకమ్ అరిచాడు. మైకులు, కెమెరాలు, భుజాలు అడ్డం పడ్డాయి. ఎవడో తన ఫొటో చెడగొట్టాడని బూతులు తిట్టాడు. కారు తలుపు పడింది. అద్దంలోంచి వెర్నా చెయ్యి ఊపుతోంది. ఆ పక్కన ఫిన్ కిటికీ తెర మెల్లగా కిందికి లాగాడు.